పూర్వపక్షం తెలిసిన ప్రిన్సిపాల్

మన శాస్త్రగ్రంథాల్లో ఒక కట్టుబాటు ఉంది. ఎవరి మాటను కాదనబోతున్నామో ఆ మాటను ముందు మనమే చెప్పాలి. అదీ నీరుగార్చి కాదు, ఆ మాట నమ్మేవాడు పక్కనే కూర్చుని విన్నా ‘అవును, నేననేది ఇదే’ అని తల ఊపేలా చెప్పాలి. దీన్నే పూర్వపక్షం అంటారు, మన సిద్ధాంతం ఆ తర్వాతే. శంకరుల బ్రహ్మసూత్ర భాష్యం సాంఖ్యుల వాదాన్నీ బౌద్ధుల వాదాన్నీ వివరంగా నిలబెట్టాకే ఖండనకు దిగుతుంది. విజయనగర కాలపు మాధవుడు సర్వదర్శన సంగ్రహాన్ని ఏకంగా చార్వాకులతో మొదలుపెట్టాడు. చార్వాకుల సొంత గ్రంథాలు దాదాపుగా పోయాయి కాబట్టి, వాళ్లేమన్నారో ఇవాళ మనకు తెలుస్తున్నదాంట్లో చాలా భాగం వాళ్లను కాదన్నవాళ్లు రాసిపెట్టిందే. ఈ పూర్వపక్షం చెప్పడమన్నది మంచి మనసుంటే దానంతటదే వచ్చే గుణం కాదు, అభ్యాసంతో పట్టుబడే విద్య. మతం గురించి జరిగే మన ఇప్పటి చర్చల్లో ఆ విద్య బాగా తరిగిపోయిందని నా బాధ. ఏ నమ్మకమూ లేని తటస్థుడే ఎదుటివాడి నమ్మకాన్ని న్యాయంగా చెప్పగలడని చాలామంది అనుకుంటారు. నాకు అలా అనిపించదు. గట్టి నమ్మకం ఉండి, అది కాళ్లకింది నుంచి జారిపోవడం ఎలా ఉంటుందో ఎరిగినవాడే ఆ పని బాగా చేస్తాడు. ఇందుకు నేను చూపే సాక్ష్యం మన పండితుల్లోంచి కాదు. 1928 నుంచి 1938 దాకా మద్రాసు క్రిస్టియన్ కాలేజీకి ప్రిన్సిపాల్‌గా ఉన్న ఆల్ఫ్రెడ్ జార్జ్ హాగ్ జీవితం.

హాగ్ 1875లో ఈజిప్టులో పుట్టారు. తల్లిదండ్రులు అక్కడ పనిచేస్తున్న స్కాట్లండ్ మిషనరీలు. ఎడిన్‌బరో విశ్వవిద్యాలయంలో ఫిలాసఫీ చదివి, తర్వాత దైవశాస్త్రంలో చేరారు. అక్కడే విశ్వాసం సడలింది. నమ్మని మాటను పీఠమెక్కి చెప్పలేక ఆ చదువు మధ్యలో ఆపేశారు. డేవిడ్ కెయిర్న్స్ లాంటి మిత్రుల సాహచర్యంలో మళ్లీ విశ్వాసం కుదుటపడింది గానీ, కుదుటపడ్డది పాత రూపంలో కాదు. సూత్రాలుగా అప్పజెప్పే సిద్ధాంతాలు వేరు, మనిషి దేవుడి మీద ఆనుకుని బతకడం వేరు అన్న తేడా ఆయనకు పుస్తకాల్లో దొరికింది కాదు, సొంత బతుకులో తేలింది. 1903లో మద్రాసు వచ్చి ఫిలాసఫీ బోధించడం మొదలుపెట్టినప్పుడు ఎదురుగా కూర్చున్న విద్యార్థుల్లో ఎక్కువమంది హిందువులు. నమ్మకం పోయిన రోజులు గుర్తున్న అధ్యాపకుడు, తన నమ్మకం అక్కరలేని విద్యార్థులు. ఆయన తర్వాతి ఆలోచనంతా ఈ రెంటి మధ్యే నడిచింది.

ఆ కాలంలో కర్మ సిద్ధాంతం మిషనరీల విమర్శకు తేలిగ్గా దొరికే గురి. అది విధివాదమనీ, గుర్తులేని జన్మలో చేసిన తప్పుకు ఈ జన్మలో శిక్ష అన్యాయమనీ, మనిషిని సోమరిని చేస్తుందనీ రాసేవారు. హాగ్ 1904, 1905ల్లో కాలేజీ పత్రికలో వరుసగా వ్యాసాలు రాసి, వాటిని 1909లో ‘కర్మ అండ్ రిడంప్షన్’ పేరుతో పుస్తకంగా తెచ్చారు. కర్మను ఎగతాళి చేసే దారి ఆయన తొక్కలేదు. లోకంలో ఇంత దుఃఖం ఎందుకు, మంచివాడికి కష్టాలెందుకు అన్న ప్రశ్నకు అది గంభీరమైన జవాబని ఒప్పుకుని మొదలుపెట్టారు. కర్మను నమ్మినవాడి లోకంలో కారణం లేని దెబ్బ ఎవరికీ తగలదు. దేవుడి మీద పక్షపాతం మోపే పని లేదు. చేసిన పని ఎక్కడికీ పోదు. నీతిని ఇంత గట్టిగా పట్టుకున్న ఆలోచనను సోమరితనమనడం చెల్లదు. ఇంత దూరం చెప్పాక గానీ ఆయన తన ప్రశ్న వేయలేదు. లోకమంతా ఒక న్యాయస్థానమై, ప్రతి బాధా ఒక తీర్పే అయితే, ఇంకొకరి బాధను తనదిగా మోసేవాడికి అందులో అర్థం ఎక్కడ? తనకు రావలసినది కాని కష్టాన్ని ప్రేమతో తల మీదికి ఎత్తుకోవడం కర్మ లెక్కలో ఏ పద్దు కింద రాయాలి? లోకం తీర్పుల కంటే పెద్దదన్నది ఆయన వాదన సారం.

ఈ పుస్తకంలో నన్ను కట్టిపడేసేది ఈ ప్రశ్న కూడా కాదు, అది తిరిగి ఆయన ఇంటికే రావడం. ఏసు మనందరి శిక్షనూ తాను అనుభవించి దేవుడి న్యాయాన్ని తృప్తిపరిచాడని క్రైస్తవుల్లో బాగా చలామణీలో ఉన్న వివరణ ఒకటుంది. తప్పొకరిది, శిక్షొకరికా అని కర్మను నమ్మే హిందువు అడుగుతాడు. ఆ అడగడం న్యాయమేనని హాగ్‌కు తోచింది. అంతకంటే, ఆ వివరణ కూడా లోకాన్ని న్యాయస్థానంగా చూసేదే. తాను కర్మలో పట్టిన లోపమే అందులోనూ ఉంది. కాబట్టి సిలువను శిక్ష చెల్లింపుగా కాక, దేవుడి స్వభావం బయటపడిన చోటుగా చెప్పుకోవలసి వచ్చింది. పూర్వపక్షం సరిగ్గా చెప్పారో లేదో పరీక్షించడానికి ఇంతకంటే మంచి గుర్తు నాకు తెలియదు. ఎదుటివాడి మాట పూర్తిగా విన్నవాడు తన మాటను కొంతైనా మార్చుకోకుండా బయటికి రాలేడు. చెక్కుచెదరకుండా బయటపడ్డాడంటే అసలు లోపలికి వెళ్లలేదనే అర్థం.

ఆ రోజుల్లో హాగ్ కంటే ఉదారంగా కనబడే మిషనరీలు లేకపోలేదు. జె.ఎన్. ఫర్కుహర్ 1913లో ‘ది క్రౌన్ ఆఫ్ హిందూయిజం’ రాశారు. హిందూమతం వెతుకుతున్నదే క్రీస్తులో పరిపూర్ణమవుతుందని అందులోని వాదం. వినడానికి ఎంతో మర్యాదగా ఉంటుంది. ఇలాంటి ఆలోచన 1910 ఎడిన్‌బరో మిషనరీ మహాసభ నాటికే బలంగా ఉంది, హాగ్ దాన్ని అప్పుడే కాదన్నారు. హిందువు వెతుకుతున్నది క్రీస్తును కాదు. జన్మల చక్రం నుంచి విడుదలను. ఆ ఆకలి వేరు, తన దగ్గరున్న అన్నం వేరు. నీకు తెలియకుండానే నువ్వు కోరుకునేది నా దగ్గరుంది అని చెప్పడం ఎదుటివాడి మాట వినకపోవడమే. తేడాను కప్పిపుచ్చకుండా ఎదురెదురుగా పెట్టాలన్నది హాగ్ పట్టు. మెత్తటి మాటలో ఉన్న పెద్దరికం కంటే ఈ ముక్కుసూటి తేడాలోనే గౌరవం ఎక్కువని నేనూ అనుకుంటాను. అన్ని మతాలూ చెప్పేది ఒకటేనని సభల్లో సులువుగా తేల్చేసే మనకు కూడా ఈ మాట తగులుతుంది.

ఇదంతా బాగానే ఉంది, ఆ గదిలో అధికారం ఎవరి చేతిలో ఉందో మరిచిపోతున్నారు అని ఒక అభ్యంతరం. అది గట్టి అభ్యంతరం. తెల్లవారి పాలన, మిషనరీ కాలేజీ, తప్పించుకోలేని బైబిల్ క్లాసు, మార్కులు వేసేది అవతలివాళ్లు. తిరుత్తణిలో తెలుగు కుటుంబంలో పుట్టిన సర్వేపల్లి రాధాకృష్ణన్ ఆ కాలేజీలో హాగ్ విద్యార్థి. మిషనరీ సంస్థల్లో హిందూమతాన్ని చూసిన తీరు తన మనసును ఎంత గాయపరిచిందో ఆయన తర్వాత స్వయంగా రాసుకున్నారు. హాగ్ నిజాయతీ ఆ గాయాన్ని లేకుండా చేయలేదు, చేసిందని నేను వాదించను. కానీ 1908లో ఏం జరిగిందో కూడా లెక్కలోకి రావాలి. వేదాంతంలో నీతికి చోటు లేదన్న విమర్శకు జవాబుగా రాధాకృష్ణన్ వేదాంత నీతి మీద ఎం.ఏ. వ్యాసం రాశారు. అప్పుడాయనకు ఇరవయ్యేళ్లు. అది తన ప్రొఫెసర్‌కు కోపం తెప్పిస్తుందేమోనని భయపడ్డారు. హాగ్ కోప్పడలేదు సరికదా, చిక్కైన వాదాన్ని సునాయాసంగా నడపగలిగిన శక్తిని మెచ్చుకుంటూ యోగ్యతాపత్రం రాసిచ్చారు. వ్యాసం అదే ఏడు పుస్తకంగా అచ్చయింది. అధికారం ఉన్న చోట న్యాయం ఎంత అరుదో, ఎంత అవసరమో ఈ ఒక్క కాగితం చెబుతుంది. తనను ఖండించే వాదానికి తన చేత్తోనే సంతకం పెట్టగలగడం ఏ అధ్యాపకుడికైనా కఠినమైన పరీక్ష.

ఇంకో అభ్యంతరం దీనికంటే సూక్ష్మమైనది. ఆయన లక్ష్యం ఎంతైనా క్రీస్తు సందేశం చెప్పడమే, కాబట్టి ఈ న్యాయమంతా మెరుగైన ఎత్తుగడ మాత్రమే అంటారు. లక్ష్యం సంగతి నిజమే, ఆయన దాన్ని ఎన్నడూ దాచలేదు. ఎత్తుగడో కాదో తేలేది మాత్రం సొంతవాళ్లతో పేచీ వచ్చినప్పుడు. ఆ పేచీ వచ్చింది కూడా. ఆయన ప్రిన్సిపాల్‌గా ఉండగానే కాలేజీ 1937లో జార్జ్‌టౌన్ ఇరుకు నుంచి తాంబరం దగ్గర సేలైయూరు అడవి భూముల్లోకి మారింది. ఆ కొత్త ఆవరణలోనే 1938 డిసెంబరులో ప్రపంచ మిషనరీ మహాసభ జరిగింది. దానికోసం డచ్చి పండితుడు హెండ్రిక్ క్రేమర్ ఒక పెద్ద గ్రంథం రాశారు. క్రీస్తులో దేవుడు బయలుపడటం ఒకవైపు, మతాలన్నీ మానవ ప్రయత్నాలుగా ఇంకొకవైపు, మధ్యలో వంతెన లేదు అన్నది దాని ధోరణి. గాలి ఆ వైపే వీస్తోంది. హాగ్ ఎదురు నిలిచారు. ఆయన జవాబు మహాసభ తరఫున 1939లో వచ్చిన సంపుటిలో అచ్చయింది. ఇతర మతాల సిద్ధాంతాలు ఒప్పా తప్పా అన్న ప్రశ్న ఒకటి. ఆ మతాల్లో బతికే మనిషి నిజంగా దేవుణ్ణి కలుసుకుంటున్నాడా అన్నది మరొకటి. మొదటిదానికి ఆయన జవాబు మారలేదు. రెండోదానికి అవుననే అన్నారు. క్రీస్తును ఎరగకుండానే దేవుడిలో ఒదిగిన జీవితాలు ఉన్నాయనీ, మిషనరీ వాటి ముందు భక్తితో నిలబడాలనీ ఆయన చెప్పిన మాటకు సొంత శిబిరంలో చప్పట్లు దొరకవు. ఎత్తుగడ పన్నేవాడు ఆ మాట అనడు. యవ్వనంలో సొంత విశ్వాసం కోల్పోయి, సిద్ధాంతం వేరు, ఆనుకోవడం వేరని గ్రహించినవాడు అంటాడు.

క్రేమర్‌ను ఎదిరించినవాళ్లలో ఒక తెలుగువాడు కూడా ఉన్నారు. నెల్లూరులో 1886లో పుట్టిన పాండిపెద్ది చెంచయ్య ఈ కాలేజీలోనే ఫిలాసఫీ చదివి, పుదుక్కోట సంస్థానంలో జడ్జి అయ్యారు. చిన్నప్పుడే ఆయన కుటుంబం క్రైస్తవంలోకి వచ్చింది. మహాసభకు ముందు మిత్రులతో కలిసి ‘రీథింకింగ్ క్రిస్టియానిటీ ఇన్ ఇండియా’ తెచ్చారు. క్రేమర్ మీద హాగ్‌తో ఆయన ఏకీభవిస్తారనుకుంటాం గానీ, ఆయన దారి ఇంకా ముందుకు పోయింది. హాగ్ పద్ధతికి ఇద్దరు మనుషులు కావాలి. పూర్వపక్షం ఒకరిది, సిద్ధాంతం ఒకరిది, మధ్యలో దాచకూడని తేడా. చెంచయ్యకు హిందూమతం అవతలి పక్షం కాదు, విలువలిచ్చి పెంచిన తల్లి. ఏసు ఆయనకు ఆ తల్లిని వదిలి వెళ్లాల్సిన ఇంకో ఇల్లూ కాదు, లోకంలో కొత్తగా మొదలైన మనిషితనం. రెండు పక్షాలూ ఒకే గుండెలో కాపురముంటే తేడాను ఎవరి ముందు పెట్టాలి, ఎవరిని ఒప్పించాలి? హాగ్ రిటైరై స్కాట్లండ్ వెళ్లాక 1947లో తెచ్చిన ‘ది క్రిస్టియన్ మెసేజ్ టు ద హిందూ’ పేరులోనే ఇవ్వడానికి ఒకరూ, పుచ్చుకోవడానికి ఒకరూ ఉన్నారు. చెంచయ్య ఆ ఇద్దరిలో ఎవరూ కారు. హాగ్ ఎంత న్యాయంగా కట్టినా ఆ చట్రంలో ఇమడని మనిషి ఆయన కాలేజీలోనే చదువుకుని బయటికి వచ్చాడు.