పాతది చెప్పకుండా చేసిన పనులు

ఆండ్రాయిడ్ స్టూడియోలో స్క్రీన్ గీసుకునే చోట పక్కనే ఒక పట్టీ ఉంటుంది. బటన్లు, అక్షరాల పెట్టెలు, జాబితాలు అన్నీ అందులోంచే లాగి పెట్టుకుంటాం. ఆ పట్టీలో ‘లెగసీ’ అని ఒక అర ఉంది. జాబితాలు చూపించడానికి 2008లో మొదటి ఆండ్రాయిడ్ ఫోన్‌తో పాటే వచ్చిన లిస్ట్‌వ్యూని తీసుకెళ్లి ఆ అరలో పెట్టారు. దాన్ని ఎవరూ తొలగించలేదు. వాడొద్దని అధికారికంగా ప్రకటించనూ లేదు. అయినా ఆ అరలో చేరిందంటే, ఇక కొత్త సౌకర్యాలేవీ దానికి రావని మా వృత్తిలో ఉన్నవాళ్లకి అర్థమైపోతుంది.

నేను పనిచేసేది చిన్న దుకాణాల వాళ్లు అప్పులూ జమలూ రాసుకునే యాప్ మీద. బయటివాళ్లు అనుకున్నట్టు మా రోజులు కొత్త స్క్రీన్లు కట్టడంలో గడవవు. ఉన్న స్క్రీన్‌లో పాత ముక్క తీసి కొత్త ముక్క పెట్టడమే ఎక్కువ. వాడేవాళ్లకి తేడా తెలియకపోతేనే ఆ పని బాగా చేసినట్టు. పొద్దున్నే షట్టర్ ఎత్తి ఫోన్ తీసిన కిరాణా వ్యాపారికి తన ఖాతాదారుల జాబితా నిన్న ఎలా కదిలిందో ఇవాళా అలాగే కదలాలి.

పాత కాంపోనెంట్ మనం అడిగిన పనులు చేస్తుంది, అవి కోడ్‌లో కనిపిస్తాయి. అడగని పనులు కూడా చేసిపెడుతుంది, అవి ఎక్కడా రాసి ఉండవు. మార్పిడి దెబ్బతినేది దాదాపు ఎప్పుడూ ఆ రాసిలేని పనుల దగ్గరే.

లిస్ట్‌వ్యూ సంగతే తీసుకోండి. వెయ్యి పేర్ల జాబితాకి వెయ్యి వరుసలు తయారుచేయకుండా, పైకి జరిగి కనుమరుగైన వరుసనే తెచ్చి కింద మళ్లీ వాడుకునే తెలివి దానికి మొదటినుంచీ ఉంది. కాకపోతే ఆ తెలివిని వాడుకోవడం మన శ్రద్ధకి వదిలేసింది. పాత వరుసని అందిస్తుంది, మనం పట్టించుకోకుండా కొత్తది తయారుచేస్తే ఊరుకుంటుంది. 2010 గూగుల్ ఐ/ఓలో రొమేన్ గయ్, ఆడమ్ పావెల్ కేవలం లిస్ట్‌వ్యూని సరిగ్గా వాడటం ఎలాగో చెప్పడానికే ఒక సెషన్ పెట్టాల్సి వచ్చింది. 2014లో రీసైక్లర్‌వ్యూ వచ్చి ఆ శ్రద్ధని నిబంధనగా మార్చింది. వరుసలోని ముక్కల్ని పట్టి ఉంచే వ్యూహోల్డర్ రాయకపోతే కోడ్ కంపైల్ కాదు. వరుసలు నిలువుగా పేర్చాలా, అడ్డంగానా, గళ్లుగానా అనేది లేఅవుట్ మేనేజర్ అనే వేరే ముక్కకి అప్పగించారు. అది తగిలించకపోతే స్క్రీన్ ఖాళీగా ఉంటుంది. ఒక వరుస చేరినా పోయినా దాన్ని కదలికతో చూపించే వీలూ దానితోనే వచ్చింది. ఇది మంచి మార్పని నాకు ఏ సందేహమూ లేదు.

కానీ లిస్ట్‌వ్యూ వరుసకీ వరుసకీ మధ్య సన్నని గీత తానే గీసేది. రీసైక్లర్‌వ్యూ గీయదు. వరుస మీద నొక్కితే ఏం జరగాలో చెప్పడానికి లిస్ట్‌వ్యూలో ఒక్క పిలుపు చాలు, రీసైక్లర్‌వ్యూలో అలాంటిది లేదు. జాబితా ఖాళీ అయితే ‘ఇంకా పద్దులు లేవు’ అన్న మాట చూపించే ఏర్పాటు పాతదానిలో ఉంది, కొత్తదానిలో మనమే కట్టుకోవాలి. వీటన్నిటికంటే నన్ను ఎక్కువ ఆలోచింపజేసింది, వేలు తగలగానే వరుస రంగు ఒక్క క్షణం మారడం. లిస్ట్‌వ్యూలో అది ఎవరూ అడక్కుండానే జరిగేది. కొత్తదానిలో ప్రతి వరుసకీ మనమే బ్యాక్‌గ్రౌండ్ పెట్టాలి. డిజైన్ బొమ్మలో ఆ రంగు ఉండదు, ఎందుకంటే బొమ్మని ఎవరూ నొక్కరు. నొక్కినా ఏమీ కదలకపోతే మనిషి మళ్లీ నొక్కుతాడు. లెక్కల యాప్‌లో రెండోసారి నొక్కడమంటే ఒకే జమ రెండుసార్లు పడే ప్రమాదం.

నొక్కడం గురించే ఇంకో మాట. రీసైక్లర్‌వ్యూకి నేరుగా క్లిక్ ఏర్పాటు లేకపోవడంతో, మొత్తం జాబితా మీద వేలి కదలికల్ని గమనించి ఏ వరుస మీద పడిందో లెక్కగట్టే చిట్కా ఒకటి బాగా వాడుకలోకి వచ్చింది. చూపున్నవాళ్లకి అది చక్కగా పనిచేస్తుంది. ఆ వరుస నొక్కదగినదన్న సమాచారం మాత్రం వరుసలో ఎక్కడా ఉండదు. అందుకని చూపులేనివాళ్లు వాడే టాక్‌బ్యాక్ ఖాతాదారు పేరు చదివి ఊరుకుంటుంది, రెండుసార్లు తడితే తెరుచుకుంటుందని చెప్పదు. ఈ చిట్కాని నేను ఒప్పుకోను. ప్రతి వరుసకీ దాని సొంత క్లిక్ లిజనర్ ఉండాలి. నాలుగు లైన్ల కోడ్ ఎక్కువైనా సరే.

అందుకే పాత స్క్రీన్‌ని ముట్టుకునేముందు దాన్ని ఫోన్‌లో తెరిచి, కోడ్ చూడకుండా, అది చేసే పనులన్నీ కాగితం మీద రాస్తాం. ఫోన్‌ని అడ్డం తిప్పితే ఏమైంది? సగం జరిపిన జాబితా వెనక్కి వచ్చాక అక్కడే ఉందా? నెట్ పోతే ఏం చూపించింది? అక్షరాల సైజు పూర్తిగా పెంచితే? ఆండ్రాయిడ్ 14 నుంచి అక్షరాల్ని 200 శాతం దాకా పెంచుకోవచ్చు, కళ్లజోడు ఇంట్లో మరిచిపోయిన పెద్దవాళ్లకి అది వరం. ఆ తర్వాతే కోడ్ తెరిచి, కాగితం మీద ఉన్న ఏ పనికి కోడ్‌లో ఏ లైనూ లేదో గుర్తుపెడతాం. ఆ గుర్తులున్నవే అసలు పని.

ఐఫోన్ వైపు ఇలాంటి మార్పిడే వెబ్ పేజీలు చూపించే ముక్కతో జరిగింది. పాత యూఐవెబ్‌వ్యూ బదులు 2014లో ఆపిల్ డబ్ల్యూకేవెబ్‌వ్యూ ఇచ్చింది. అది వేరే ప్రాసెస్‌లో నడుస్తుంది, వేగమూ భద్రతా ఎక్కువ. అయితే పాతది యాప్‌లోని కుకీల్ని తానూ పంచుకునేది, కొత్తది తన కుకీలు తను వేరుగా దాచుకుంది. యాప్‌లో లాగిన్ అయినవాళ్లని లోపలి వెబ్ పేజీ మళ్లీ పాస్‌వర్డ్ అడిగేది. కుకీల్ని చేతితో అందించే దారి 2017లో ఐఓఎస్ 11తో గానీ రాలేదు. పేజీలోని జావాస్క్రిప్ట్ హెచ్చరిక పెట్టెలు కూడా మనం ప్రత్యేకంగా డెలిగేట్ రాస్తేనే కనిపిస్తాయి, లేకపోతే చడీచప్పుడు లేకుండా పోతాయి. 2020 ఏప్రిల్ నుంచి పాతది వాడే కొత్త యాప్‌లని ఆపిల్ తీసుకోవడం మానేసింది.

కొన్ని మార్పిడుల్లో పని మాయం కాదు గానీ దాని సమయం మారిపోతుంది. వెనక్కి వెళ్లే సైగ అలాంటిది. ఇదివరకు వాడేవాళ్లు బ్యాక్ నొక్కగానే ఆన్‌బ్యాక్‌ప్రెస్డ్ అనే ఫంక్షన్ పిలవబడేది. అప్పుడు మనం తీరిగ్గా చూసుకునేవాళ్లం: సేవ్ కాని పద్దు ఉందా? ఉంటే ‘వదిలేయాలా?’ అని అడుగుదాం, లేకపోతే వెళ్లనిద్దాం. యాప్‌లు కట్టే మరో పద్ధతి ఫ్లట్టర్‌లో ఇదే పనికి విల్‌పాప్‌స్కోప్ ఉండేది. అది ఇంకా ఉదారం, జవాబు ఆలస్యంగా ఇచ్చినా వేచి ఉండేది.

2022లో ఆండ్రాయిడ్ 13తో గూగుల్ ప్రెడిక్టివ్ బ్యాక్ అనే పద్ధతి తెచ్చింది. అంచు నుంచి వేలు లాగుతుండగానే, ఇంకా ఎత్తకముందే, వెనక ఏ స్క్రీన్ ఉందో తొంగిచూపుతుంది. ఇష్టమైతే వేలు ఎత్తితే వెళ్తాం, కాకపోతే వేలు వెనక్కి జరిపి ఉన్నచోటే ఉంటాం. తొంగిచూపాలంటే ఈ బ్యాక్ తనదా, మన యాప్‌దా అన్నది సిస్టమ్‌కి వేలు తగలకముందే తెలియాలి. అప్పటికప్పుడు అడిగి తెలుసుకునే వ్యవధి లేదు. అందుకే ఆన్‌బ్యాక్‌ప్రెస్డ్ బదులు ముందే ఆన్ చేసో ఆఫ్ చేసో ఉంచే కాల్‌బ్యాక్ వచ్చింది. 2023లో ఫ్లట్టర్ కూడా విల్‌పాప్‌స్కోప్‌ని పక్కనపెట్టి, వెళ్లవచ్చా లేదా అన్నది ముందే చెప్పమనే పాప్‌స్కోప్ తెచ్చింది.

పాత పేరు వెతికి కొత్త పేరు పెట్టేస్తే అయిపోయే మార్పు కాదిది. మా పద్దు రాసే స్క్రీన్ ఇప్పుడు ప్రతి అంకె తర్వాతా తన పరిస్థితి తను తెలుసుకుని ఉండాలి. దాంతో మేము ఎన్నడూ కూర్చుని తేల్చుకోని ప్రశ్నలు ముందుకొచ్చాయి. ఖాతాదారు పేరు ఎంచుకుని మొత్తం రాయకపోతే అది సేవ్ కాని పద్దేనా? మొత్తం రాసి మళ్లీ చెరిపేస్తే? పాత కోడ్‌లో వీటికి ఏదో ఒక జవాబు ఒక షరతు వెనక దాగి ఉండేది, అది ఎవరు నిర్ణయించారో టీమ్‌లో ఎవరికీ తెలియదు. దుకాణాల వాళ్లతో మాట్లాడి తేల్చుకున్నాం: పేరు ఒక్కటే ఉంటే అడగకుండా వదిలేయవచ్చు, మొత్తంలో ఒక్క అంకె ఉన్నా అడగాలి. 2025లో వచ్చిన ఆండ్రాయిడ్ 16ని లక్ష్యంగా కట్టిన యాప్‌లలో ఆ ఫోన్ల మీద ఆన్‌బ్యాక్‌ప్రెస్డ్ అసలు పిలవబడదు. తాత్కాలికంగా వద్దనుకునే వీలు ఇచ్చారు గానీ దాని మీద ఆధారపడటం నాకు నచ్చదు. పాత ఫంక్షన్ కోడ్‌లో ఉంటుంది, ఎర్రర్ రాదు, ‘వదిలేయాలా?’ అన్న పెట్టె మాత్రం రాదు. రాసిన మొత్తం పోతుంది.

తెలుగువాళ్లుగా మనం ఇంకా దగ్గరగా చూడాల్సిన మార్పిడి ఒకటుంది. దాని గురించి తెలుగు యాప్‌లు చేసేవాళ్లలో జరగాల్సినంత చర్చ జరగడం లేదని నా బెంగ. ఆండ్రాయిడ్‌లో తెలుగుకి ఫాంట్ రెండు రూపాల్లో ఉంటూ వచ్చింది. ఒకటి నోటో సాన్స్ తెలుగు, అక్షరం తన సహజమైన ఎత్తుతో ఉంటుంది. రెండోది నోటో సాన్స్ తెలుగు యూఐ, ఎత్తు తగ్గించి అదిమినది. ‘లక్ష్మి’లో క్ష కింద మ ఒత్తు, పైన గుడి. ‘స్వాతంత్ర్యం’లో త కింద రెండు ఒత్తులు. ఇంగ్లిష్ అక్షరాల ఎత్తుకి కొలిచి కట్టిన బటన్లలో, వరుసల్లో ఇవి పట్టవు. పట్టించడం కోసం ఆండ్రాయిడ్ డిఫాల్ట్‌గా అదిమిన రూపాన్నే చూపిస్తూ వచ్చింది. సహజరూపం కావాలంటే 2014 నుంచి ఎలిగెంట్‌టెక్స్ట్‌హైట్ అనే గుర్తు మనమే పెట్టాలి. పెట్టినవాళ్లు తక్కువ.

2024లో ఆండ్రాయిడ్ 15 ఆ డిఫాల్ట్‌ని తిరగేసింది. దాన్ని లక్ష్యంగా కట్టిన యాప్‌లలో తెలుగు సహజమైన ఎత్తుతో వస్తుంది. 2025 ఆగస్టు 31 నుంచి ప్లే స్టోర్‌కి పంపే కొత్త యాప్‌లకీ అప్‌డేట్‌లకీ ఆ లక్ష్యం తప్పనిసరి. ఆండ్రాయిడ్ 16 మరో అడుగు వేసింది: తనను లక్ష్యంగా కట్టిన యాప్‌లలో ఆ గుర్తునే పట్టించుకోవడం మానేసింది, అదిమిన ఫాంట్లని వదిలించుకుంటోంది. తెలుగు, తమిళం, కన్నడం, మలయాళం, గుజరాతీ, ఒడియా, అరబిక్, లావో, బర్మీస్, థాయ్ లిపులన్నిటికీ ఇదే వర్తిస్తుంది.

ఇది మన లిపికి జరిగిన న్యాయం. ఇన్నేళ్లూ అక్షరాన్ని పెట్టెకి సరిపెట్టారు, ఇప్పుడు పెట్టెని అక్షరానికి సరిపెట్టమంటున్నారు. ఆ సరిపెట్టే పని డెవలపర్ మీద పడింది. అదిమిన ఫాంట్ అడక్కుండా చేసిన మేలు ఇదే: మన లేఅవుట్‌లలో స్థిరంగా రాసేసిన 48 డీపీ, 56 డీపీ (డీపీ అంటే స్క్రీన్ మీద కొలత) ఎత్తులు తెలుగులోనూ నిలబడటానికి కారణం అది. అది పోయాక అలాంటి వరుసల్లో అడుగు ఒత్తు కోసుకుపోవచ్చు. ఒత్తు కోసుకుపోతే సుబ్బమ్మ ఖాతా ‘సుబమ’ అయిపోతుంది. ఇంగ్లిష్‌లో పరీక్షించే టీమ్‌కి ఈ తేడా ఎప్పటికీ కనబడదు, ఎందుకంటే ఇంగ్లిష్‌లో ఏదీ మారలేదు.

చేయాల్సింది పెద్ద పనేం కాదు, ఓపిక పని. స్థిరమైన ఎత్తు ఉన్నచోటల్లా దాన్ని తీసి కనీస ఎత్తుగా మార్చాలి. వేలు తగలడానికి 48 డీపీ కావాలి, అది కనీసంగా ఉంటే చాలు, అక్షరం పెరిగితే పెట్టె పెరగాలి. ఒకే వరుసలో ఇరికించి చివర చుక్కలు పెట్టే అలవాటు మానాలి. మా టెస్టర్ దగ్గర ఖాతాదారుల నమూనా పేర్ల జాబితా ఒకటుంది, అన్నీ ఒత్తులు కిందికి దిగేవి, గుడులు పైకి లేచేవి. కొత్త స్క్రీన్ ఏదైనా ఆ పేర్లతో, 200 శాతం సైజులో, చిన్న ఫోన్ మీద చూశాకే బయటికి వెళ్తుంది.

అన్నీ మార్చెయ్యాలన్న ఆరాటం మాత్రం నాకు లేదు. మా సెట్టింగ్స్ స్క్రీన్ ఇప్పటికీ లిస్ట్‌వ్యూ మీదే ఉంది. ఎప్పుడూ మారని కొద్దిపాటి వరుసలు, గీతలు తనే గీస్తుంది, నొక్కితే మెరుస్తుంది, టాక్‌బ్యాక్‌తో చక్కగా మాట్లాడుతుంది. ఖాతాదారుల జాబితాని మాత్రం ఆండ్రాయిడ్ స్క్రీన్లు కట్టే కొత్త పద్ధతి కంపోజ్‌లోని లేజీకాలమ్‌కి మార్చాం, ఎందుకంటే అక్కడ వెతుకులాట, వరుసల చేర్పు నిత్యం జరుగుతాయి. 2021లో కంపోజ్ 1.0 వచ్చినప్పటినుంచీ పాత స్క్రీన్ల మధ్య ఒక్కో ముక్కగా దాన్ని అమర్చుకునే వీలుంది, మొత్తం యాప్ కూల్చి కట్టనక్కర్లేదు.

మిగిలింది రసీదు. జమ అందగానే దుకాణదారు వాట్సాప్‌లో పంపే రసీదుని మేం కాన్వాస్ మీద బొమ్మగా గీస్తాం. ఏ గీత ఎక్కడ పడాలో, ఏ పేరు ఏ ఎత్తున మొదలవ్వాలో అంకెలుగా రాసి ఉంది, ఆ అంకెలన్నీ అదిమిన ఫాంట్‌తో కొలిచినవి. వాటిని తీసేసి, ప్రతి వరుసా తన అక్షరాల్ని కొలుచుకున్నాకే తన చోటు నిర్ణయించుకునేలా తిరగరాస్తున్నాం. ముందు ఖాతాదారు పేరు వరుస, తర్వాత బాకీ వరుస, చివర దుకాణం చిరునామా.