లవణరాజు కలలో కాలము

గురజాడ అప్పారావుగారి 'లవణరాజు కల'ను సంస్కరణకావ్యముగా పరిగణించుట విమర్శకులకు పరిపాటియైనది. మంచి, చెడు అను రెండు తప్ప మనుష్యులలో వేరు కులములు లేవను భావము అందు కలదు. ఉపన్యాసములలో పలుమారు వినబడునది ఆ భాగమే. కాని ఆ మాట ఏ కాలమున, ఏ లోకమున పలుకబడినదో విచారించువారు అరుదు. కావ్యార్థనిర్ణయమునకు ఆ విచారణయే ముఖ్యమని మేము తలంచుచున్నాము.

ఇతివృత్తము యోగవాసిష్ఠమున ఉత్పత్తిప్రకరణములోనిది. ఆ గ్రంథమును 15వ శతాబ్దిలో మడికి సింగన వాసిష్ఠరామాయణముగా తెనిగించెను. లవణుడు హరిశ్చంద్రుని వంశమువాడు. సభకు వచ్చిన ఐంద్రజాలికుడు నెమలిపింఛమును త్రిప్పగా ఒక గుఱ్ఱము కనబడినది. రాజు దానిని చూచుచు నిశ్చేష్టుడయ్యెను. సభికులకు గడచినది స్వల్పకాలము. రాజునకు గడచినది ఒక జీవితము. అడవిలో ఆకలిగొని, అన్నము తెచ్చిన చండాలకన్యను వివాహమాడి, బిడ్డలను కని, ముసలివాడై, క్షామమున అగ్నిప్రవేశమునకు సిద్ధపడి, అంతలో మేల్కాంచెను.

ఇట్టి కాలవక్రత ఆ గ్రంథమున అపూర్వము కాదు. లీలోపాఖ్యానమున ఒక బ్రాహ్మణుడు మరణించి ఎనిమిది దినములే కాగా, అతడే వేరొక లోకమున పద్ముడను రాజై పెక్కేండ్లు రాజ్యమేలెను. ఆ లోకమంతయు అతని యింటిలోని ఆకాశమునందే ఇమిడియున్నది. బ్రహ్మాండములు అసంఖ్యాకములు, ఒక్కొక్కదాని కాలప్రమాణము వేరు. నేటి కల్పనాసాహిత్యమున కనబడు బహువిశ్వములకు ఈ ఊహ ఏమాత్రము తీసిపోదు. కాలము మనఃకల్పితమని నిరూపించుటకే వాసిష్ఠకర్త దీనిని ప్రయోగించెను.

విజయనగర సంస్థానమును ఆశ్రయించి జీవించిన అప్పారావుగారికి రాజసభ పరోక్షవిషయము కాదు. మెలకువతో నున్న సభలో సింహాసనస్థుడు మాలవాడగుట అసంభవము. అందులకు మఱియొక కాలము కావలెను. కావుననే ఆయన ఈ కథను వరించిరి. మూలమున ఆకలికి లొంగిన రాజు అన్నముకొఱకు వివాహమున కంగీకరించెను. అప్పారావుగారి రాజు మంచి యన్నది మాలయైనచో తానును మాలయగుదునని మనసార పలికెను. పీడకల ప్రేమకథయైనది. 1910లో ఆయన ప్రవేశపెట్టిన ముత్యాలసరము మూడు, నాలుగు మాత్రల నడకతో పరుగిడునది. మూలమున సుదీర్ఘవర్ణనలతో సాగిన జీవితము ఆ నడకలో కలవలెనే త్వరితముగా గడచిపోవును.

ఇచట ఒక ఆక్షేపణ పుట్టును. కలలో చేసిన ప్రతిజ్ఞకు విలువ యేమి? మేల్కొనిన రాజునకు సింహాసనము పదిలముగనే యున్నది. ఏమియు కోల్పోని ఔదార్యము ఔదార్యమా? ఆక్షేపణ బలమైనదే. దానికి సమాధానము మూలముననే కలదు. మఱునాడు లవణుడు పరివారముతో వింధ్యాటవికి పోయి వెదకగా, తాను కాంచిన పల్లె అట్లే యున్నది. తనకు అత్తయైన వృద్ధురాలు కూతును, అల్లుని, మనుమలను తలచి విలపించుచున్నది. అంతయు కలయని త్రోసివేయుటకు ఆమె కన్నీరు అడ్డుపడినది.

వాసిష్ఠసిద్ధాంతమున కల ఎంత సత్యమో మెలకువయు అంతే సత్యము. అట్లైనచో పల్లెకంటె సింహాసనమునకు అధికసత్యత్వము లేదు. పల్లెలో ఇచ్చిన మాట సభలోను చెల్లవలెను. కాలతత్త్వమును విడిచి సంస్కరణను మాత్రము గ్రహించువారికి ఆ మాట సూక్తిగా మిగులును. రెంటిని కలిపి చదివినవారికి అది తీర్పవలసిన ఋణమగును. ప్రపంచమంతయు మిథ్యయని వల్లించుచు కులభేదమును మాత్రము సత్యమని పాటించిన సమాజమును, ఆ వేదాంతకథతోనే అప్పారావుగారు నిలదీసిరి.

కావున తరగతిగదులలో ఈ కావ్యమునుండి ఒకటి రెండు పద్యములను వేరుచేసి వల్లెవేయించుట చాలదు. వాసిష్ఠకథను ప్రక్కనుంచుకొని ఆద్యంతము పఠింపజేయవలెను. అప్పుడు గాని ఆ కల ఎంత దీర్ఘమైనదో విద్యార్థికి తెలియదు.