డెస్కు మీద మాట మార్పు

మండల విలేకరి పంపిన వార్తలో ‘తెలిపారు’ అయిదుసార్లు ఉంటుంది. సబ్ ఎడిటర్ ఒకదాన్ని ‘చెప్పారు’ చేస్తారు, మరోదాన్ని ‘వివరించారు’ అంటారు, ఇంకోదాన్ని కొట్టేస్తారు. ‘వెల్లడించారు’ జోలికి మాత్రం ఊరికే పోరు. అది రాయాలంటే అప్పటిదాకా బయటికి రాని సంగతి ఏదో ఉండాలి. ‘అంగీకరించారు’ అంటే మనిషి తప్పు ఒప్పుకున్నట్టే ధ్వనిస్తుంది. అక్కడ చెయ్యి జారితే పరువు పోయేది ఎదుటివారిది. వయసు మళ్లి పోయిన పెద్దాయనకు ‘కన్నుమూత’ ఒప్పుతుంది, లారీ కింద పడ్డవాడికి ఒప్పదు. శీర్షికలో ‘దుర్మరణం’ పట్టకపోతే ‘మృతి’ పెడతారు. ఇదంతా పేజీ వెళ్లిపోయే వేళ, గడియారం తరుముతుండగా జరిగే పని!

పైడిపాటి లక్ష్మణకవి ‘ఆంధ్రనామసంగ్రహం’ నుంచి ఆచార్య జి.ఎన్.రెడ్డి పర్యాయపద నిఘంటువు దాకా మనకు మాటల కొరత లేదు. ఏది ఎక్కడ నప్పుతుందో నిఘంటువు చెప్పదు, చెవి చెప్పాలి. ఆ చెవి ఉన్నవారికి వార్త కింద పేరు కూడా పడదు. రేపు పేపరు తెరిచినప్పుడు వాక్యాల చివర క్రియలను ఒకసారి శ్రద్ధగా చదవండి.