పాము తల మీది దీపం

నాగమణి ప్రస్తావన వచ్చినప్పుడు మన విమర్శకులు రెండు రకాలుగా మాట్లాడుతుంటారు. కొందరు పాముకు మణి ఉండదని చెప్పి ఊరుకుంటారు. మరికొందరు పామంటే పాము కాదు, ఆటవిక జాతి అని చెప్పి ఊరుకుంటారు. మొదటి మాట నిజం. త్రాచుపాము నాలుకతో వాసన పట్టి వేటాడుతుంది, దానికి దీపం అక్కర్లేదు. ఇది బడిలో సైన్సు మాస్టారు రెండు నిమిషాల్లో తేల్చెయ్యగల విషయం. రెండో మాటలో చరిత్ర ఉంది. అయితే రెండింటిలోనూ కథను చదవడం మాత్రం లేదు. లేని ఆ జీవికి దాని లోకంలో ఏ స్థానం ఇచ్చారు, ఆ స్థానం నుంచి దాన్ని ఎవరు తప్పించారు, ఎలా తప్పించారు? సాహిత్య విమర్శ అడగవలసిన ప్రశ్న ఇదని నా అభిప్రాయం.

భాగవతం పంచమ స్కంధం అతలం మొదలు పాతాళం దాకా ఏడు అధోలోకాలను బిలస్వర్గాలంది. బిలమంటే గుహ, కన్నం. అక్కడికి సూర్యుడి వెలుగు చేరదు కనుక పగలూ రాత్రీ తేడా లేదు. చీకటిని పోగొట్టేవి మహాసర్పాల శిరస్సుల మీది మణులు. అతిశయోక్తి అలంకారమని పేరు పెట్టి దీన్ని దాటెయ్యకుండా, ఇందులోని ఏర్పాటును చూడండి. ఇక్కడ మణి నగ కాదు, ధనం కాదు. కొనేవాడు లేడు కనుక దానికి వెల లేదు. పాము తిరిగినంత మేరా అందరికీ దారి కనిపిస్తుంది, అంతే. అధోలోకమనగానే నరకమని మనలో చాలామంది అనుకుంటాం. పురాణకర్త అలా అనలేదు, పై స్వర్గం కంటే అక్కడే భోగభాగ్యాలు ఎక్కువన్నాడు. మయుడు కట్టిన పురాలు కూడా అక్కడున్నాయి. రాజుల వైభవాన్నే కిందికి దించి ఊహించాడని ఎవరైనా అంటే కాదనను. అయినా ఆ వెలుగు పైనుంచి అరువు తెచ్చుకున్నది కాదన్న మాట మాత్రం అతనే రాశాడు.

ఇప్పుడు నేల మీద నిలబడి చెప్పిన కథ చూద్దాం. లాల్ బిహారీ డే 1883లో ప్రకటించిన బెంగాలీ జానపద కథల్లో ఫకీర్ చంద్ కథ ఉంది. రాజకుమారుడూ మంత్రికుమారుడూ చెరువు దగ్గర చెట్టెక్కి రాత్రి గడుపుతుంటారు. నీళ్ళలోంచి మహాసర్పం వస్తుంది. మణిని నేల మీద పెట్టి, ఆ వెలుగులో మేతకు తిరుగుతూ వీళ్ళ గుర్రాలను మింగేస్తుంది. మంత్రికొడుకు దిగి మణి మీద గుర్రపు లద్దె కప్పుతాడు. వెలుగు పోయిన పాము కొట్టుకుని కొట్టుకుని చస్తుంది. ఆ మణి సాయంతో నీటి అడుగున మేడ, మేడలో రాజకుమార్తె దొరుకుతారు. మన పల్లెల్లో చెప్పుకునే నాగమణి కథల్లో లద్దెకు బదులు ఆవుపేడ ఉంటుంది.

ఈ కథ ఆరో తరగతిలో చెప్పినప్పుడు ఒక అమ్మాయి లేచి అడిగింది: "పామును ఎవరూ కొట్టలేదు గదండీ, ఎందుకు చచ్చిపోయింది?" మన శిల్పచర్చల్లో ఇంత సూటి ప్రశ్న నేను వినలేదు. మణి పాము ఆస్తి అయితే, పోగొట్టుకున్న పాము పేదదై బతకాలి. అది చచ్చిపోయిందంటే మణి ఆస్తి కాదు, ప్రాణం. కథకుడికి ఈ సంగతి తెలుసు. తెలిసే, దాన్ని ప్రాణమని ఒప్పుకోకుండా వస్తువుగా కథ నడిపించాడు. పాము మణిని తల మీంచి దించి నేల మీద పెట్టడం ఎందుకు? తల మీద ఉంచుకునే తిరగవచ్చు గదా! దించకపోతే దొంగిలించడానికి వీలుండదు. ఇది పాము అవసరం కాదు, కథానాయకుడి అవసరం. ఆ పైన పాము మీద నేరం కట్టాలి. గుర్రాలను తిన్నది, మేడలోని పిల్ల బంధువులందరినీ తిన్నది. ఇక చంపినవాడు హంతకుడు కాడు, రక్షకుడు.

లంకెబిందెల మీద పాము కాపలా ఉంటుందనే నమ్మకం దీని తర్వాతి మెట్టు. వెలుగు గలదాన్ని ఎవరి సొమ్ముకో కాపలాదారును చేశారు. 1986 నాటి హిందీ సినిమా 'నగీనా'లో మంత్రగాడికి కావలసిందీ మణే. అక్కడికి వచ్చేసరికి ఆ మణి వెలుగులో ఎవరు ఏం చూసుకునేవారన్న ధ్యాసే లేదు.

ఇక రెండో వర్గం మాట. నాగ అన్న పేరును ఆటవిక జనాలతో ముడిపెట్టి కోశాంబి చర్చించాడు. ఐరావతీ కార్వే 1967లో వచ్చిన 'యుగాంత'లో ఖాండవ దహనాన్ని అడవిలోనివాళ్ళ నాశనంగా చదివింది. ఈ చదువు మనకు అవసరమే. కాని దాన్ని ఎక్కాల పట్టీలాగా వాడుతున్నారు. కొండను పాముగా, బాక్సైటును మణిగా చెప్పే కవితలు నా దగ్గరికి వస్తుంటాయి. కవుల నిజాయితీని శంకించను. కాని వాటిలో పడగ ఉంటుంది, మణి ఉంటుంది, కొండవాడి పొయ్యి ఉండదు, సంత ఉండదు, పోడు ఉండదు. బొర్రా ప్రాంతపు గనుల లీజుల మీద సాగిన సమత కేసులో, షెడ్యూల్డు ప్రాంతాల్లో ప్రభుత్వ భూమిని గిరిజనేతరులకు లీజుకివ్వడం చెల్లదని 1997లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. భూమి ఎవరిదన్న ప్రశ్న ఆ తీర్పులో సూటిగా ఉంది. కవితలో అది పడగ నీడన పడిపోయింది. మణి ఒక్కటే మెరిస్తే, కవి కూడా మంత్రికొడుకు చూసినట్టే చూశాడన్నమాట.

నన్నయ ఉదంకుణ్ణి ఈ దృష్టితో మళ్ళీ చదవమని విద్యార్థులను కోరుతున్నాను. తక్షకుడు ఎత్తుకుపోయిన కుండలాల కోసం అతను బిలంలోంచి నాగలోకానికి దిగుతాడు. ముందు నాలుగు పద్యాల్లో నాగులను స్తుతిస్తాడు. ఆ పద్యాలను మనం కంఠస్థం చేయిస్తాం. తర్వాత ఆ లోకాన్నంతా పొగతో, మంటతో నింపి కుండలాలు వసూలు చేసుకుంటాడు. ఆ భాగాన్ని పరీక్షల్లో అడగం. నాగులచవితినాడు పుట్టలో పాలు పోసి, మర్నాడు పెరట్లో కనిపిస్తే కర్ర అందుకునే మనకు ఈ వరస కొత్తేమీ కాదు.

పొగ పెట్టకముందు ఉదంకుడు అక్కడ ఇద్దరు స్త్రీలను చూశాడు. తెల్లదారాలూ నల్లదారాలూ కలిపి వాళ్ళు బట్ట నేస్తున్నారు. వాళ్ళు ధాతా విధాతలని, ఆ దారాలు పగలూ రాత్రీ అని పైకొచ్చాక గురువు అర్థం చెప్పాడు. మన వ్యాఖ్యానాలు ఆ అర్థంతో తృప్తిపడ్డాయి. సూర్యుడు రాని చోట, ఆ ఇద్దరూ ఏ దీపం వెలుగులో దారం నలుపూ తెలుపూ పోల్చుకున్నారో, పొగ కమ్మినప్పుడు ఆ మగ్గం ఏమైందో గురువు చెప్పలేదు, శిష్యుడూ అడగలేదు.