దోటికి అందిన పండు

అడవులదీవి అన్న పేరులోనే అడవీ ఉంది, నీళ్ళూ ఉన్నాయి. రేపల్లె దాటి నిజాంపట్నం వైపు వెళ్తే మడచెట్లు, ఉప్పుటేళ్ళు. మడ అడవిలోకి మనిషి దిగేది చేపకీ పీతకీ. పండు కావాలంటే ఇసుక మెరక ఎక్కాలి. అక్కడుంటాయి ఈతా, రేగూ.

రేగుకొమ్మకు ముళ్ళు జంటగా ఉంటాయి. ఒకటి నిటారుగా నిలిచి గుచ్చుతుంది, రెండోది కొక్కెంలా వంగి చెయ్యి వెనక్కి తీసుకోనివ్వదు. అందుకే చేతిలో దోటి, చెట్టుకింద పాతచీర. ఈతగెల దారి వేరు. పసుపు తిరగ్గానే కోసి, ఉప్పునీళ్ళు చల్లి గోనెసంచిలో చుట్టిపెడితే నల్లగా మాగుతుంది. ఈ లెక్కలన్నీ అమ్మమ్మల దగ్గర్నుంచి పిల్లలకు చూపుతోనే వచ్చాయి. పళ్ళు ఏరడాన్ని పిల్లకాయల ఆటగా కొట్టిపారేయడం అన్యాయం. కూలి దొరకని రోజున ఇంట్లోకి నూకలు తెచ్చింది ఆ పళ్ళ గంపే.

ఏరుకోవడం కాగితాలకెక్కింది సర్కారు అడుగుపెట్టాకనే. ఇదే తీరంలో, దక్షిణాన శ్రీహరికోట దీవిని 1835లో ప్రభుత్వం తన చేతిలోకి తీసుకుంది. అక్కడి యానాది గిరిజనులు తెచ్చిన తేనె, చిరివేరు వంటి సరుకుకు బదులు ధాన్యం కొలిచి ఇచ్చేవారు. తరాలుగా తమదైన అడవిలోనే వాళ్ళు కూలీలయ్యారు. 1882 నాటి మద్రాసు అటవీ చట్టం వచ్చాక రిజర్వు అడవిలో అనుమతి లేకుండా ఫలసాయం తీసుకుంటే నేరం.

1956లో విశాఖ కేంద్రంగా గిరిజన సహకార సంస్థ ఏర్పడి, గిరిజనుల సరుకు కొనడం మొదలుపెట్టింది. ఆ సరుకు మీద సొంత హక్కు దక్కడానికి 2006 అటవీ హక్కుల చట్టం దాకా ఆగాల్సి వచ్చింది. గిరిజనేతరులైతే 2005 డిసెంబరు 13కు ముందు మూడు తరాలు, అంటే 75 ఏళ్ళు, అడవినే నమ్ముకుని బతికినట్టు చూపాలి. పళ్ళు ఏరుకున్న నాయనమ్మకు రసీదు ఎవరిచ్చారు?

భోగి ముందురోజు తెనాలి, రేపల్లె బజార్లలో రేగుపళ్ళ గంపలు దిగుతాయి. పిల్లల తలమీద పోయడానికి చిన్న నాటురేగునే వెతుక్కుంటారు. మిగిలినవాటిని బెల్లం, మిరప, ఉప్పుతో దంచి ఎండబెడితే వడియాలు. గంప వెనక కూర్చున్న అవ్వను అందరూ సోల ఎంతని అడుగుతారు. ఏ చెట్టువని అడిగి చూడండి. ఏది ముందు పండుతుందో, ఏది పులుపో, దేనికి తొందరగా పురుగు పడుతుందో ఒక్కో చెట్టు సంగతీ చెబుతుంది.