కత్తి ఆయనది, అడవి ఎవరిది?

యాదగిరిగుట్ట ఉన్న పాత నల్లగొండ జిల్లాలోనే, కోదాడ దగ్గరి గుడిబండలో 1923లో పుట్టారు నటుడు కాంతారావు. మద్రాసు వెళ్లి, హెచ్.ఎం. రెడ్డి నిర్మించిన 'ప్రతిజ్ఞ' (1953)తో కథానాయకుడయ్యారు. పెద్ద పౌరాణికాల్లో ఆయనకు దక్కినవి పక్క పాత్రలు: 'లవకుశ'లో లక్ష్మణుడు, 'నర్తనశాల'లో కృష్ణుడు. విఠలాచార్య జానపద చిత్రాల్లో మాత్రం కథంతా ఆయన భుజాల మీదే నడిచింది. జనం 'కత్తి కాంతారావు' అన్నారు. తక్కువ ఖర్చు సెట్ల నడుమ మాయల్ని నమ్మించింది ఆయన చూపు, ఆయన కత్తి వేగమే.

అయితే, జానపదమంటే జనపదాల ప్రజలది కదా! ఆ పేరు పెట్టుకున్న సినిమాల్లో కథ రాకుమారుడిది. అడవేమో మాంత్రికుడి గుహకు దారి. గూడెం మనుషులు చాలాసార్లు ఈకలు కట్టుకొని ఎగిరే గుంపు. వాళ్లకు పేరుండదు, మాటుండదు. టీవీలో ఆ గుంపును చూసి మన పిల్లలు నవ్వుతుంటే, వాళ్లు నవ్వుతున్నది ఎవరిని?

ఆ తెరమీద కాంతారావు పలికిందీ పుస్తకాల తెలుగే. నల్లగొండ యాసకు ఆ రాజకోటలో చోటు లేదు. కోయ మాటను, లంబాడీ మాటను ఆపిన తలుపే ఆయన ఊరి మాటనూ ఆపింది. సొంతంగా సినిమాలు తీసి నష్టపోయిన ఆయన 2009లో హైదరాబాదులో కన్నుమూశారు.

ఉపాధ్యాయులారా, ఆయన సినిమా ఒకటి బడిలో చూపించండి. కత్తియుద్ధాన్ని మెచ్చుకోనివ్వండి. తర్వాత అదే కథను అడవి మనిషి నోట, తమ ఇంటి భాషలో చెప్పమనండి. అసలు జానపదం అక్కడ మొదలవుతుంది.