చేతులు మెత్తగా, కాళ్లు ముందుగా

పిల్లవాణ్ని క్రికెట్ కోచ్ దగ్గరికి తీసుకొచ్చిన తండ్రి మొదట అడిగేది బ్యాట్ గురించే. కశ్మీర్ విల్లో సరిపోతుందా, ఇంగ్లిష్ విల్లో కొనాలా? ఏ సైజు? ఆ తర్వాత ప్యాడ్లు, గ్లవ్స్, హెల్మెట్. ‘మావాడికి క్యాచ్ పట్టడం ఎన్ని రోజుల్లో వస్తుంది సార్?’ అని అడిగే తండ్రి వెతికినా దొరకడు. కోచ్‌లూ పెద్దగా భిన్నం కాదు. వరంగల్‌లోనే కాదు, తెలుగునాట ఏ ఊళ్లో చూసినా సాయంత్రం ప్రాక్టీసంతా నెట్స్‌లో గడిచిపోతుంది. వెలుతురు తగ్గి బంతి సరిగా కనిపించని వేళకు ‘ఇగ ఫీల్డింగ్ చేద్దాం రండి’ అన్న పిలుపు వస్తుంది. వరుసలో నిలబెట్టి తలా నాలుగు ఎత్తు క్యాచ్‌లు కొడతారు. వదిలేసినవాడికి గ్రౌండ్ చుట్టూ ఒక రౌండ్ శిక్ష.

ఆ శిక్ష వల్ల పిల్లవాడికి క్యాచ్ పట్టడం రాదు, బంతి తన వైపు రాకపోతే బాగుండునని కోరుకోవడం వస్తుంది. మన పిల్లల ఫీల్డింగ్‌లో సగం లోపాలకు మూలం అక్కడే ఉంది. గల్లీ ఆటలోనూ ఇదే వరస. అందరికంటే చిన్నోడిని కీపర్ వెనక నిలబెడతారు, మోరీలో పడ్డ బంతిని తెచ్చేదీ వాడే. ఫీల్డింగ్ అంటే బ్యాటింగ్ వంతు వచ్చేదాకా పడాల్సిన చాకిరీ అని వాడికి ఏడేళ్లకే అర్థమైపోతుంది. అయినా గల్లీ ఒక మేలు చేసింది. ఒక టప్పా పడ్డాక ఒంటిచేత్తో పడితే అవుట్ అనే రూల్ పుణ్యాన మన పిల్లలకు ఒంటిచేతి చురుకు, గోడకు తగిలి తిరిగొచ్చే బంతి అంచనా చిన్నప్పుడే అబ్బుతాయి. ఆ చురుకుకు పద్ధతి నేర్పేవాళ్లే తక్కువ.

పద్ధతి అంటే ముందు చేతుల సంగతి. ఇల్లు కట్టేచోట కింది నుంచి ఒకరు ఇటుక విసురుతుంటే పైన అందుకునే కూలీని గమనించండి. ఇటుక అరచేతిని తాకిన క్షణంలోనే ఆయన చేతులు దానితో పాటు వెనక్కి జరుగుతాయి. ఎదురెళ్లి పట్టుకుంటే వేళ్లు చితుకుతాయని ఆయనకు తెలుసు. లెదర్ బంతి బరువు దాదాపు 160 గ్రాములు. బ్యాట్ అంచు తాకి వేగంగా వచ్చే ఆ బంతిని బిగదీసిన చేతులతో ఆపితే అరచేతి ఎముకకు తగిలి బయటికి ఎగురుతుంది. చేతులు ఓ జానెడు వెనక్కి ఇస్తే బంతి ఆగడానికి కాస్త ఎక్కువ సమయం దొరుకుతుంది, దెబ్బ తగ్గుతుంది, వేళ్లు మూసుకునే వ్యవధి చిక్కుతుంది. ‘చేతులు మెత్తగ పెట్టు బిడ్డా, బాల్‌తోని కొట్లాడకు’ అని మంచి కోచ్ చెప్పేది ఇందుకే. బంతి పడాల్సింది వేళ్ల మొదళ్ల దగ్గర, అరచేయి మడమ మీద కాదు.

రెండోది, వేళ్లు ఎటు చూడాలి? ఛాతీ కంటే కిందికి వచ్చే బంతికి వేళ్లు నేలను చూడాలి, రెండు చిటికెన వేళ్లు ఆనుకుని ఉండాలి. ఛాతీ కంటే పైకి వచ్చేదానికి వేళ్లు ఆకాశాన్ని చూడాలి, రెండు బొటనవేళ్లు కలవాలి. చిక్కంతా సరిగ్గా ఛాతీ మీదికి వచ్చే బంతితోనే. వేళ్లు పైకా, కిందికా అన్న సందిగ్ధంలోనే అది జారిపోతుంది. ఇక్కడ నిర్ణయించాల్సినవి చేతులు కావు, మోకాళ్లు. కాస్త వంగితే అది పై క్యాచ్ అవుతుంది, ఒక పక్కకు జరిగితే చేతులు ఊగడానికి చోటు దొరుకుతుంది. పిల్లలకు ఈ ఒక్క సంగతి బోధపడితే వదిలేసే క్యాచ్‌ల సంఖ్య కళ్లముందే తగ్గుతుంది.

ఇక ఆకాశంలోకి లేచిన బంతి. చూసేవాళ్లకు అది ‘లాలీపాప్’. కింద నిలబడ్డ పదేళ్ల పిల్లవాడికి ఆ మూడు నాలుగు క్షణాలు ఎంత పొడుగో వాడికే తెలుసు. వాడు చేసే మొదటి తప్పు, బ్యాట్ చప్పుడు వినగానే ముందుకు ఉరకడం. బంతి తల మీదుగా వెళ్లిపోతుంది. వెనక్కి పరుగెత్తి పట్టడం కంటే ముందుకొచ్చి పట్టడం ఎప్పుడూ సులువు కాబట్టి, అనుమానంగా ఉంటే మొదటి అడుగు వెనక్కే వేయించాలి. బంతి పడేచోటికి వడివడిగా చేరుకోవాలి, చేరాక తల కదలకుండా నిలవాలి. పరుగెత్తుతున్నప్పుడు కళ్లు ఊగుతాయి, కళ్లు ఊగితే బంతి ఊగినట్టు కనిపిస్తుంది. చేతులు రెండు రకాలుగా పెట్టొచ్చు. గడ్డం దగ్గర దోసిలి పట్టడం పాత పద్ధతి. బొటనవేళ్లు కలిపి, అరచేతులు బంతికి ఎదురుగా కళ్లకు పైన పెట్టడం ఆస్ట్రేలియన్లు బాగా వాడుకలోకి తెచ్చిన పద్ధతి. ఎండ కళ్లలో పడే వేళ రెండోదే నయం, చేతులే నీడనిస్తాయి, బంతి జారినా ఛాతీ దగ్గర మరో అవకాశం మిగులుతుంది. అయితే చిన్న చేతుల పిల్లలకు దోసిలే ముందు నేర్పాలి.

ఇద్దరి మధ్య లేచిన బంతికి ఇంకొకటి కావాలి, గొంతు. ‘నాది’ అని మొదట అరిచినవాడిదే క్యాచ్, రెండోవాడు పక్కకు తప్పుకోవాలి. సిగ్గరి పిల్లలకు ఇది క్యాచ్ పట్టడం కంటే కష్టం. అందుకే అరవడం కూడా ప్రాక్టీసు చేయించాలి, అరవకుండా పట్టిన క్యాచ్‌ను లెక్కలోకి తీసుకోకూడదు.

మన మైదానాల సంగతి చెప్పకుండా ఫీల్డింగ్ గురించి మాట్లాడటం అన్యాయం. జిల్లాల్లో మన పిల్లలు ఆడేది ఎక్కువగా మొరం నేలలోనే. పచ్చగడ్డి మీద పల్టీలు కొట్టే ఫీల్డర్లను టీవీలో చూసి ఇక్కడ డైవ్ చేస్తే మోచేతి చర్మం మొరానికి అంటుకుపోతుంది. అందుకని వేసవి శిబిరంలో డైవ్ నేర్పే ఉత్సాహం వద్దు, ఇసుక గుంతలోనో పరుపు మీదో నేర్పితే చాలు. మొరం నేర్పే పాఠం వేరే ఉంది. ఆ నేల మీద బంతి ఎప్పుడు ఎగురుతుందో, ఎప్పుడు పాకుతుందో చెప్పలేం. కాబట్టి చేతులు ముందే నేలకు తాకి ఉండాలి. కింద ఉన్న చేతిని ఎగిరిన బంతి కోసం పైకి లేపడం తేలిక, పైన ఉన్న చేతిని పాకే బంతి కోసం దించేలోపు అది కాళ్ల మధ్య నుంచి వెళ్లిపోతుంది. బౌండరీ దగ్గరైతే ఒక మోకాలు నేలకు ఆనించి, దాన్ని రెండో కాలి మడమకు చేర్చి అడ్డుగోడ కట్టాలి. ‘లాంగ్ బ్యారియర్’ అంటారు దీన్ని. చూడటానికి ముసలి పద్ధతిలా ఉంటుంది కానీ గతుకుల నేల మీద దానికి సాటి లేదు.

అమెరికాలో బేస్‌బాల్ పిల్లలకు మట్టినేల మీద మొదట చెప్పేదీ ఇదే: గ్లవ్ నేల మీద, కదలిక కింది నుంచి పైకి. ఆ ఆటలో ఫీల్డర్లందరికీ తోలు గ్లవ్ ఉంటుంది, క్రికెట్‌లో వికెట్ కీపర్‌కు తప్ప మరెవరికీ అనుమతి లేదు. బంతి బరువుల్లో పెద్ద తేడా లేదు, బేస్‌బాల్ 142 నుంచి 149 గ్రాములు. గ్లవ్ ఉన్న ఆట నుంచి వట్టిచేతుల ఆట నేర్చుకునేది ఏముంటుందని అనిపించవచ్చు. ఉంది, కాళ్లలో ఉంది. బంతి అందుకోవడం, విసరడం రెండు వేర్వేరు పనులు కావు, ఒకే నడకలో రెండు అడుగులని బేస్‌బాల్ నేర్పుతుంది. అందుకుంటూనే భుజం లక్ష్యం వైపు తిరగాలి, వెనక కాలు నాటుకోవాలి, మోచేయి భుజం కంటే కిందికి జారకూడదు. విసిరిన బంతి తప్పిపోతే ఆపడానికి వెనక ఇంకొకడు అప్పటికే పరుగెత్తుతూ ఉండాలి. ఆస్ట్రేలియా జట్టు బేస్‌బాల్ కోచ్ మైక్ యంగ్‌ను తెచ్చి ఫీల్డింగ్ కోచ్‌గా పెట్టుకున్నది ఇందుకే. మన దగ్గర స్కూల్ గేమ్స్ జాబితాలో బేస్‌బాల్, సాఫ్ట్‌బాల్ కూడా ఉన్నాయి. ఒకే బడిలో రెండు ఆటల పీఈటీలు కలిసి కూర్చుంటే రెండు జట్లకూ లాభమే.

అమెరికా నుంచి తెచ్చుకోవాల్సింది మరొకటి, భుజం లెక్క. 11, 12 ఏళ్ల పిల్లవాడు రోజుకు 85కు మించి పిచ్‌లు విసరరాదని అక్కడ మార్గదర్శకాలున్నాయి. అది పిచర్లకు చెప్పిన లెక్కే అయినా ఎదిగే ఎముకకు హద్దుండాలన్న సంగతి ఫీల్డర్‌కూ వర్తిస్తుంది. బౌండరీ నుంచి కీపర్ దాకా నేరుగా విసరమని పదేళ్ల పిల్లవాణ్ని ఉసిగొల్పే పెద్దమనుషులు కాస్త ఆలోచించాలి. ఒక టప్పాతో వచ్చిన బంతి కూడా వికెట్ పడగొడుతుంది.

ఇదంతా పరాయి విద్యేమీ కాదు. మన రాజధానికే ఇందులో గొప్ప వారసత్వం ఉంది. హైదరాబాద్‌లో చదువుకుంటున్న సయ్యద్ ఆబిద్ అలీని 1956లో హైదరాబాద్ స్కూల్స్ జట్టుకు ఎంపిక చేసినప్పుడు సెలెక్టర్లకు నచ్చింది ఆయన ఫీల్డింగే. ఆ పిల్లవాడే 1967లో అడిలైడ్‌లో తొలి టెస్టులోనే ఒక ఇన్నింగ్స్‌లో ఆరు వికెట్లు తీశాడు, 1971లో ఓవల్‌లో గెలుపు పరుగు కొట్టాడు. ఆయన ఆడినవి 29 టెస్టులు, పట్టినవి 32 క్యాచ్‌లు. ఆ కాలపు స్పిన్నర్ల గొప్పదనం చెప్పుకునేటప్పుడు బ్యాట్స్‌మన్ పక్కనే హెల్మెట్ లేకుండా నిలబడ్డవాళ్లను మరిచిపోతుంటాం. ముంబైకి చెందిన ఏక్‌నాథ్ సోల్కర్ 27 టెస్టుల్లో 53 క్యాచ్‌లు పట్టాడు. ఆ చేతులు లేకపోతే బేడీ, ప్రసన్నల బంతులకు తగిలిన అంచులన్నీ నేలపాలయ్యేవి.

తర్వాత అజహరుద్దీన్. 99 టెస్టుల్లో 105, 334 వన్డేల్లో 156 క్యాచ్‌లు. వన్డేల్లో అది చాలాకాలం ప్రపంచ రికార్డు. ఆయన బంతిని ఒంటిచేత్తో తీసి, నడుం ఎత్తకుండానే మణికట్టుతో వికెట్ల మీదికి తిప్పేసేవాడు. ఆ విసురును అనుకరించబోయి ఓవర్‌త్రోలు ఇచ్చిన పిల్లలు ఒక తరం నిండా ఉన్నారు. లక్ష్మణ్ తీరు వేరు. 134 టెస్టుల్లో 135 క్యాచ్‌లు పట్టాడు, ఎక్కువగా స్లిప్‌లో, హడావుడి లేకుండా. స్లిప్ ఫీల్డింగ్ నేర్చుకునే పిల్లలకు అజహర్ కంటే లక్ష్మణ్ వీడియోలే చూపించాలని నా అభిప్రాయం. తల నిశ్చలం, మోకాళ్లు సడలింపుగా, చేతులు ముందే తెరిచి, బంతి చేతుల్లోకి వచ్చేదాకా నిరీక్షణ. స్లిప్‌లో తొందరపడి లాక్కోబోయిన చేతి నుంచే బంతి జారుతుంది.

ఆశ్చర్యమేమిటంటే నేర్పే విద్యలోనూ హైదరాబాదే ముందుంది. రంజీల్లో హైదరాబాద్‌కు ఆడిన ఎడమచేతి స్పిన్నర్ ఆర్.శ్రీధర్ 2014 నుంచి 2021 దాకా భారత జట్టు ఫీల్డింగ్ కోచ్. ఆయన తర్వాత వచ్చిన టి.దిలీప్ కూడా హైదరాబాదీయే. ఫస్ట్‌క్లాస్ మ్యాచ్ ఒక్కటీ ఆడని మనిషి, ఒకప్పుడు లెక్కల ట్యూషన్లు చెప్పుకున్నవాడు. 2023 ప్రపంచకప్‌లో ప్రతి మ్యాచ్ తర్వాత డ్రెస్సింగ్ రూంలో ఉత్తమ ఫీల్డర్ మెడలో పతకం వేయించిన ఆలోచన ఆయనదే. కోట్లు సంపాదించే ఆటగాళ్లు ఆ చిన్న పతకం కోసం పిల్లల్లా ఎదురుచూశారు. తప్పు చేసినవాడికి రౌండ్ శిక్ష వేసే మన శిబిరాలు ఇక్కడ ఆగి ఆలోచించాలి.

బంతి అంటే భయాన్ని కూడా తిట్లతో పోగొట్టలేం. మెత్తని టెన్నిస్ బంతితో మొదలుపెట్టి, తర్వాత రబ్బరు బంతి, చివరికి లెదర్. పదమూడేళ్ల లోపు పిల్లలకు 133 నుంచి 144 గ్రాముల బంతి ఉంది, మహిళల బంతి 140 నుంచి 151 గ్రాములు. అయినా చౌకగా దొరుకుతుందని చిన్న పిల్లలకు కార్క్ బంతి ఇచ్చి ఆడించే చోట్లున్నాయి. రాయిలాంటి ఆ బంతి వేలికి ఒక్కసారి తగిలితే చాలు, పిల్లవాడు తల తిప్పుకుని పట్టడం మొదలుపెడతాడు. తల తిప్పితే కన్ను బంతిని వదిలేస్తుంది. ఆ అలవాటు మాన్పించడానికి నెలలు పడుతుంది.

2024 జూన్ 29న బార్బడోస్‌లో టీ20 ప్రపంచకప్ ఫైనల్ ఆఖరి ఓవర్ తొలి బంతికి సూర్యకుమార్ యాదవ్ బౌండరీ దగ్గర పట్టిన క్యాచ్ అందరికీ గుర్తుంది. బంతి అందుకుని, గీత దాటబోతూ పైకి విసిరి, మళ్లీ లోపలికొచ్చి పట్టాడు. భారత్ గెలిచింది ఏడు పరుగుల తేడాతో. దక్షిణాఫ్రికా బ్యాటర్ డేవిడ్ మిల్లర్ కొట్టిన ఆ షాట్ సిక్స్ అయి ఉంటే కథ ఎటు తిరిగేదో చెప్పనక్కర్లేదు. ఆ క్యాచ్ వెనక ఉన్నదీ ఛాతీ, వేళ్లు, అడుగుల లెక్కే.

మంచి ఇంగ్లిష్ విల్లో బ్యాట్ కొనడం వరంగల్‌లో ఎన్నో కుటుంబాలకు తలకు మించిన భారం. క్యాచ్‌కు ఒక బంతి, ఒక గోడ, ఓపికున్న ఒక పెద్దమనిషి చాలు. లేనింటి పిల్లవాడు ఉన్నింటి పిల్లవాడితో సమంగా నేర్చుకోగలిగింది ఈ ఆటలో ఇదొక్కటే, దాన్నే మనం చీకటిపడ్డాక పది నిమిషాలకు నెట్టేశాం. కోచ్‌లకు ఒక విన్నపం: ప్రాక్టీసును ఫీల్డింగ్‌తో మొదలుపెట్టండి, వెలుతురు ఉండగా, పిల్లల కాళ్లలో సత్తువ ఉండగా. తల్లిదండ్రులకు ఇంకొకటి: వచ్చే వేసవిలో పిల్లల్ని శిబిరంలో చేర్పించేటప్పుడు బ్యాట్ సైజు తర్వాత అడగండి. రోజుకు మా పిల్లలతో ఎన్ని క్యాచ్‌లు పట్టిస్తారని ముందు అడగండి.